తడి గడ్డి బొమ్మ

సకల జనుల సమ్మె రోజులవి. భూపాలపల్లి నుంచి మహబూబాబాద్ దాకా ఎక్కడ సర్కారు దిష్టిబొమ్మ తగలబెట్టాలన్నా పాలకుర్తి పక్క తండాలో ఉండే లచ్చిరాంకే కబురొచ్చేది. అతను కట్టిన బొమ్మకు అగ్గిపుల్ల చూపిస్తే చాలు, కాళ్ల నుంచి తలదాకా భగ్గుమనేది. ఎందుకు మండదు మరి! ఒకప్పుడు హైదరాబాదు స్టూడియోల్లో సినిమాలకు మంటలూ పొగలూ ఉత్తుత్తి వానలూ పెట్టిన చెయ్యి అది.

బామ్మర్ది హీర్యాను ఆ పనిలోకి తీసుకెళ్లిందీ లచ్చిరామే. కాకపోతే పొగ వదిలాక లచ్చిరాం పక్కకు పోయి బీడీ వెలిగించుకునేవాడు. హీర్యా మాత్రం ఆ పొగలో వెలుతురు ఎట్లా నిలబడుతుందో చూస్తూ ఉండిపోయేవాడు. అట్లా చూసీ చూసీ కెమెరా పక్కకు చేరాడు, చివరికి పెద్ద కెమెరామెనే అయ్యాడు. లచ్చిరాం తండాకు తిరిగొచ్చాడు.

ఆ పొద్దున జనగామ చౌరస్తాలో బొమ్మ దహనం. దాన్ని సినిమాకు తీసుకుంటానని హీర్యా దిగుతున్నాడు. లచ్చిరాం పెళ్లాం మంగ్లీ నోట లేచినప్పటి నుంచీ తమ్ముడి మాటే.

"మా హీర్యా కారుల వస్తుండంట. నువ్వు జర మంచి అంగీ తొడుక్కో."

"వానికి పొగ పెట్టుడు నేర్పింది నేనే."

"నేర్పినవ్ తియ్యి. నువ్వేమో ఇంకా గదే పెడ్తున్నవ్."

ఇక కడుపు మండక ఏమవుతుంది? లచ్చిరాం పెరట్లోకి పోయి, బొమ్మలోని ఎండుగడ్డి పీకేసి తడిగడ్డి కూరాడు. మంట రాదు. తీసుకో ఇక సినిమా!

చౌరస్తాలో అంటించారు. మంట లేదు, తెల్లటి పొగ రోడ్డంతా కమ్మింది. జనం దగ్గుతూనే నవ్వారు.

"ఏందన్నా, బొమ్మకు సర్ది అయ్యిందా?"

సిగ్గుతో తలొంచబోయిన లచ్చిరాంకు హీర్యా కనిపించాడు. కెమెరా ఎత్తుకుని సూర్యుడికి ఎదురుగా ఉరుకుతున్నాడు. అప్పుడు చూశాడు లచ్చిరాం. పొద్దుటెండ ఆ పొగలో చారలు చారలుగా దిగుతోంది, జెండాలెత్తిన చేతులన్నీ వెలిగిపోతున్నాయి. స్టూడియోల్లో కెమెరామెన్లు అరిచి గీపెట్టింది ఇట్లాంటి పొగ కోసమే. తన చేత్తో తనే వడ్డించాడు!

"గాసునూనె తేండ్రి!" అంటూ ఉరికి, కిరసనాయిలు డబ్బా కుమ్మరించాడు. బొమ్మ భగ్గుమంది. జనం ఈలలేశారు. పొగ చెదిరిపోయింది.

హీర్యా నవ్వుతూ వచ్చి భుజం మీద చెయ్యేశాడు. "అయిపోయింది బావా, మస్తుగ దొరికింది. నాకోసమే తడిపినవ్ గదా?"

అందరూ ఇటే చూస్తున్నారు. కాదంటే పరువు పోతుంది, అవునంటే ప్రాణం పోతుంది.

"అవ్," అన్నాడు లచ్చిరాం, పళ్లు కొరుకుతూ.

దూరంగా పోయి బీడీ వెలిగించుకున్నాడు. దమ్ము పీల్చి వదలబోతూ, హీర్యా ఇటే చూస్తున్నాడని ఆ పొగ మింగేశాడు.