గోడకు అవతలి వైపు

సుత్తి ఇంకా ఆ పిల్ల చేతిలోనే ఉంది. సుత్తితోనే పోలీసులు జీపెక్కించారు.

మేకు కొట్టినందుకు అన్నారు. మొదట మా వీధిలో ఎవరికీ తలకెక్కలేదు. దొంగతనం చేస్తే తీసుకెళ్తారు, తలలు పగలగొట్టుకుంటే తీసుకెళ్తారు. తన ఇంట్లో గోడకు మేకు కొట్టుకున్న మనిషిని, పొయ్యి మీద అన్నం పొంగుతుండగా, రెక్క పట్టుకుని లాక్కుపోవడం అప్పుడే చూశాం. నేను కుట్టుమిషను ముందు నుంచి లేచి, వాళ్ళింట్లోకి వెళ్ళి పొయ్యి ఆర్పాను. ఆ క్షణంలో అంతకు మించి నాకేం తోచలేదు.

ఆ పిల్ల ఇస్త్రీ అత్త కోడలు. బట్టలు ఇస్త్రీ చేసే ఆవిడ మా వీధి మొత్తానికీ అత్తే. ఉన్న ఒక్క గదిలో ఇస్త్రీ బల్ల, మంచం, పసిబిడ్డ. మడత పెట్టిన చొక్కాలు మంచం మీద పెడితే బిడ్డ తడిపేస్తోంది. ఎత్తున తగిలించుకుందామని కోడలు మేకు కొట్టింది. ఆ గోడ కోటగోడ.

మా ఇళ్ళన్నీ అంతే. మూడు గోడలు మావి, నాలుగోది కోటది. ఎప్పుడో కోటలో పనులు చేసినవాళ్ళు దాన్ని ఆనుకుని పాకలు వేసుకుంటే, ఆ పాకలే ఇళ్ళయ్యాయి. తర్వాత చట్టం వచ్చింది. ఇది రక్షిత కట్టడమని బోర్డు పెట్టారు. గోడకు మేకు కొట్టకూడదు, పొగ తగలనివ్వకూడదు, చుట్టుపక్కల ఇటుక మీద ఇటుక పెట్టకూడదు. ఆ చట్టం చెడ్డదని నేననను. పాతవాటిని కాపాడుకోకపోతే ఎలా? అందుకే కప్పు కురిస్తే కింద గిన్నెలు పెట్టుకున్నాం. మరుగుదొడ్డికి గుంట తవ్వనివ్వకపోతే ఆడవాళ్ళం చీకటి పడేదాకా ఉగ్గబట్టుకున్నాం.

స్టేషన్లో కోడల్ని కూర్చోబెట్టి ఎస్సై మంచినీళ్ళు ఇప్పించాడట. ఆ గోడ ఎవరిదమ్మా అని మెల్లగా అడిగాడట. మాదేనండి, మా అత్తగారిది అందట పిచ్చిపిల్ల. కాపురానికొచ్చిన ఇంటి గురించి ఏ కోడలైనా అలాగే అంటుంది. ఆ మాట కాగితం మీద పెట్టి సంతకం చేయించుకుని సాయంత్రానికి వదిలేశారు. రెండు రోజులు తిరక్కుండా పురావస్తు శాఖ ఆఫీసరు వచ్చి, వీధి మధ్య నిలబడి నోటీసు చదివాడు. రక్షిత కట్టడాన్ని సొంతమని చెప్పుకుంటున్నారు కాబట్టి మీరంతా ఆక్రమణదారులు, సోమవారానికి ఇళ్ళు ఖాళీ చేయాలి.

కుళాయి దగ్గర మీటింగు పెట్టుకున్నాం. మీటింగంటే పేరుకే, బిందెల గోల. అందరూ కోడలి మీద విరుచుకుపడ్డారు. నోరు మూసుకుని కూర్చుంటే ఇంతమంది కొంపలు మునిగేవా అన్నారు. ఆ పిల్ల తల దించుకుని బిందె అంచు గోకుతూ నిలబడింది. ఇంట్లో కోడలితో ఒక్క మంచి మాట మాట్లాడి ఎరగని ఇస్త్రీ అత్త అప్పుడు ముందుకొచ్చింది.

"దాన్ని తిట్టాలంటే నేను తిట్టుకుంటా. నా కోడలు. మధ్యలో మీరెవరు? ఇళ్ళు పీకేది ఆఫీసరా, ఇదా?"

గోల అణిగాక గోడలోంచి గుర్రుమని చప్పుడు వినబడింది. కొన్నాళ్ళుగా వింటున్నదే. గూట్లో గ్లాసులు కదిలేవి, ఉతికి ఆరేసిన వాటి మీద సన్నటి దుమ్ము రాలేది. పాత గోడ, అరుగుతోంది అనుకున్నాం. వకీలు మాత్రం చెవి ఆనించి విన్నాడు. అతను తోలేది వ్యాను. ప్రతి మాటకీ అడ్డం వాదిస్తాడని ఆ పేరు పడింది.

"పాతబడితే గోడ కూలుతుంది గానీ గురక పెట్టదు కదక్కా. అవతల ఏదో జరుగుతోంది" అన్నాడు నాతో.

అవతల ఏముందో మాలో ఒక్కరికీ తెలియదు. పుట్టినప్పటి నుంచి వీపు వెనకే ఉన్న గోడకు రెండో పక్క చూసినవాళ్ళం కాదు. చూడాలంటే చుట్టూ తిరిగి పెద్ద గేటుకు వెళ్ళి టికెట్టు కొనాలి. కొన్నాం. అత్త, కోడలు, వకీలు, నేను. గేటు మనిషి మా చెప్పుల కేసి చూసి, ఏం చూడ్డానికొచ్చారని అడిగాడు.

"మా ఇంటి వెనక గోడ" అంది అత్త.

లోపల పచ్చిక, తెల్లటి గుడారాలు, పేర్చిన కుర్చీలు. మా వైపు మసిబారిన మొండిరాయి. అటువైపు లతలు, పరుగెత్తే గుర్రాలు చెక్కి ఉన్నాయి. అత్తయ్యా, మన గోడ ఇంత బాగుందా అని కోడలు గుసగుసలాడింది. ఆ తర్వాత కన్నాలు కనబడ్డాయి. ఒక గుర్రం కడుపులో ఒకటి, ఒక లత మొదట్లో ఒకటి, నా మణికట్టంత లావువి. కొన్నింట్లో అప్పుడే ఇనుప బోల్టులు బిగించారు. రంగుదీపాల ప్రదర్శన పెడతారట, బోల్టులు బిగించే కూలీ చెప్పాడు. సాయంత్రాలు పెద్దవాళ్ళకి విందులట. మా ఇళ్ళున్న చోట కార్లు నిలుపుతారట.

కాంట్రాక్టరు మమ్మల్ని పనికొచ్చిన కూలీలనుకున్నాడు. వకీలు మా మేకు కేసు చెప్పి కన్నాల సంగతి అడిగితే నవ్వాడు. మీరు కొట్టింది మేకు, దానికి కేసుంటుంది, మాది ప్రాజెక్టు, దానికి పర్మిషనుంటుంది అన్నాడు. అక్కడి నుంచి తిన్నగా స్టేషనుకెళ్ళాం. కోడలి మీద పెట్టిన సెక్షనే ఇతని మీదా పెట్టమన్నాం. చట్టం నాకే నేర్పుతారా అని ఎస్సై గుమ్మం చూపించాడు.

చట్టం ఎవరి చేతి కర్ర అయితే వాళ్ళ శత్రువు వీపు మీదే పడుతుందని మాకు అక్కడ అర్థమైంది. వీధికి వచ్చి చెబితే, పొద్దున కోడల్ని తిట్టినవాళ్ళే పళ్ళు నూరారు. ప్రతి ఇంట్లోనూ తలో మేకు కొడదాం, ఎంతమందిని పట్టుకెళ్తారో చూద్దాం అన్నాడు వకీలు. అప్పుడే ఒకరిద్దరు సుత్తులు తెచ్చారు. కోడలు లేచింది.

"వద్దన్నా. నేను కొట్టింది చాలు. ఆ గుర్రాల్ని చూశాక నాకు చేతులు రావు. వాళ్ళు పొడుస్తున్నారని మనమూ పొడుద్దామా? అడ్డం నిలబడదాం."

ఎక్కడ అని ఎవరో అడిగారు.

"అటువైపే. గోడకి వీపులానించి. మనుషుల్లోంచి కన్నం పెట్టలేరు కదా."

పెట్టగలరు, పెడతారు కూడా అని వకీలు వాదించాడు.

"పెట్టనీరా" అంది అత్త. "ఇంట్లో కూర్చుంటే మాత్రం మిగుల్తామా?"

సోమవారం ఎవరమూ టికెట్టు కొనలేదు. చంకన పిల్లలతో, ఆగకుండా గేటులోంచి నడిచాం. గేటు మనిషి పక్కకు తప్పుకున్నాడు. గోడ పొడవునా వీపులానించి నిలబడ్డాం. రాయి చల్లగా ఉంది. అటువైపు మా పొయ్యిలున్నాయి.

నిచ్చెన మీద డ్రిల్లు పట్టుకుని ఒకతను ఉన్నాడు. సరిగ్గా కింద అత్త, పక్కన నేను. కానివ్వమని కాంట్రాక్టరు కేకేశాడు. మిషను గుర్రుమంది, మా నెత్తిన రాతిపొడి పడింది.

"జరగమ్మా, కళ్ళల్లో పడుతుంది" అన్నాడతను.

అత్త జరగలేదు. పడనీ నాయనా, నీ ఇల్లెక్కడ అని అడిగింది. అతనిది వేరే ఊరట, పాత వంతెన కింద. అక్కడా ఇలాంటి బోర్డే పెట్టి ఖాళీ చేయమంటున్నారట. తర్వాత మిషను ఆపి దిగాడు, ప్లగ్గు పీకాడు, తీగ చుట్టి కాంట్రాక్టరు కాళ్ళ దగ్గర పెట్టాడు.

"నా వల్ల కాదు సార్."

వచ్చి అత్త పక్కన వీపానించాడు.

పోలీసులు ముందు అతన్నే లాగారు. తర్వాత అత్తను. కానిస్టేబులు జబ్బ పట్టుకుని గుంజుతుంటే, "మెల్లగా లాగు బాబూ, గోడ గీసుకుంటుంది" అంది. భయంలోనూ వరసంతా నవ్వింది. కానిస్టేబులు కూడా మొహం అటు తిప్పుకున్నాడు. కోడలి వంతు రాగానే బిడ్డను నా చేతుల్లో పెట్టి తనే నడిచి పోలీసు వ్యానెక్కింది. వకీలు దారి పొడుగునా వాదిస్తూనే ఎక్కాడు.

ఒకరిని లాగిన చోటులోకి పక్కవాళ్ళం జరిగాం. జరిగేకొద్దీ సందులు పెరిగాయి, చెయ్యి చాపినా పక్కమనిషి అందనంతగా. కోటలో ఊడ్చే ఆడవాళ్ళు అంతసేపూ దూరంగా చూస్తూ నిలబడ్డారు. వాళ్ళలో ఒకావిడ చీపురు పడేసి వచ్చి నా ఎడమపక్క నిలబడింది. వెనకే మిగతావాళ్ళు. కోట చూడ్డానికొచ్చిన కాలేజీ పిల్లల్లోంచి ఒక అమ్మాయి సంచీ భుజాన వేసుకుని వచ్చింది. మేష్టారు పిలుస్తున్నా వెనక్కి చూడలేదు.

వ్యాను నిండింది. మళ్ళీ వస్తానని ఎస్సై వెళ్ళాడు. పట్టుకెళ్ళినవాళ్ళింకా లాకప్పులోనే ఉన్నారు, మేమింకా ఇక్కడే ఉన్నాం, ఇళ్ళింకా నిలిచి ఉన్నాయి. బిడ్డ నా భుజం మీద నిద్రపోతోంది. గోడ చాలా పొడవు. నా కుడిపక్క ఇద్దరు పట్టేంత చోటుంది.