అంజన్న ముడి

పరశురాములు సేటు బట్ట తానును తెచ్చి అంజన్న కాళ్ల ముందట పారేసిండు. బడిపిల్లల యూనిఫాం బట్ట. పోగు తెగి అతికిన కాడల్లా, జానెడుకో ముడి, ముడి పక్కన కన్నం.

"మాలంత వాపసొచ్చిందిరా! మీద నీ పేరే ఉంది. రేపటిసంది రాకు. నీ సాంచలు ఇంకొకనికిస్త."

షెడ్డుల సాంచలు, ఆ మరమగ్గాలన్నీ ఆగినయి. కూలోళ్లందరు తలలు దించుకున్నరు. సేటుకు కోపమొస్తే తప్పు చేసినోడు దొరకాల్సిన పని లేదు, కూలోడు దొరికితే సాలు. ఇక్కడ పేరు చెడ్డోన్ని ఊర్ల ఏ షెడ్డూ రానియ్యది. మిగిలేది మగ్గాల పనికి భీవండి పోయే బస్సే. ఆ బస్సెక్కిన అంజన్న తమ్ముడు మల్లన్న దగ్గుకుంట తిరిగొచ్చి ఆర్నెల్లు గూడ బతకలే.

మూలకు కూసోని నూలు కండెలు సుట్టే కమలవ్వ, అంజన్న పెండ్లాం, లేచి వచ్చింది. వంగి ఒక ముడిని బొటనవేలితో రాసి చూసింది. ఇంకోటి చూసింది. నవ్వింది.

"మొగని పని పోతుంటే నవ్వుతున్నవేందే?"

"గీ ముడులు మా ఆయనవి కావు సేటూ."

"ముడి మీద పేరుంటదా?"

"ఆయన కుడిచేతి చూపుడువేలు మీ సాంచ బెల్టే మింగె గదా! దవాఖానకు ఆటో గూడ నేనే మాట్లాడుకుంటి. తర్వాత ఎడమచేత్తో ముడెయ్య నేర్పింది నేనే. ఆయన ముడి కొసలు ఎడమకు వాల్తయ్, ఇవి కుడికి. మీరు గూడ సాంచ నడిపినోళ్లే. కండ్లు మూసుకొని చెప్పుండ్రి."

అంజన్న తన మగ్గం మీది బట్టను కోసుకొచ్చి ఆ తాను పక్కన పరిచిండు. సేటు కండ్లు మూసి రెండింటినీ తడిమిండు. ఒకప్పుడు పోగులు అతికిన వేళ్లు. అబద్ధమాడలేకపోయినయి. కండ్లు తెరిచి సీదా కొడుకు సాయిచంద్ దిక్కు చూసిండు. తలుపు కాడి నాలుగు సాంచలు నడిపేది అతను. తాన్ల మీద పేర్లు రాసేదీ అతనే.

సాయిచంద్ ఫోను జేబుల పెట్టుకున్నడు. "పేరు... జర తప్పు పడ్డది బాపూ."

"సరే సరే. పోయి సాంచలు నడుపు అంజన్నా," అన్నడు సేటు. ఇందాకటి 'రా' ఎటు పోయిందో!

అంజన్న కదల్లే. పేర్లు రాసే మార్కరు తీసి సాయిచంద్ చేతుల పెట్టిండు.

"ముందు నా పేరు కొట్టెయ్ బిడ్డా. నీది రాయి. అందరు చూస్తుండంగ రాయి."

సేటు మొఖం గోడకు తిప్పుకున్నడు. సాయిచంద్ గొంతుకూసోని రాసిండు.

"పెద్దగ రాయి సాయన్నా, కనబడ్తలేదు!" కూలోళ్ల వెనుక నుంచి హనుమండ్లు అరిచిండు. షెడ్డంత గొల్లున నవ్వింది.

అంజన్న పోయి, వేలు లేని చేత్తోనే స్విచ్చులు వేసిండు. ఒకదానెంక ఒకటి ఎనిమిది సాంచలు మోగినయి. కమలవ్వ కండెల కాన్నుంచి ఏదో అన్నది. ఆ మోతల వినబడలే. అయినా అంజన్న నవ్వుకుంట ఎడమచెయ్యి పైకెత్తి ఆమెకు చూపిండు.