మూల విరిగిన పలక

ఆ రోజు ఇంట్లో కాశయ్య, ఆయన తల్లి పోలమ్మ, కూతురు వెంగమాంబ, పలకల ఫ్యాక్టరీ నుంచి వచ్చిన మేనేజరు ఉన్నారు. గోడ మేకుకు నేనూ వేలాడుతున్నాను. నన్ను ఎవరూ లెక్కలోకి తీసుకోరు.

నేను ఒక రాతి పలకను. మార్కాపురం దగ్గర భూమిలోంచి తవ్వి తీశారు. కోసి, నునుపు చేసి, చుట్టూ కొయ్య చట్రం బిగించింది కాశయ్యే. ఆయన చేతుల మీదుగా వేల పలకలు ఎక్కడెక్కడి బళ్ళకో వెళ్ళాయి. ఒక్కదాని మీదా ఆయన ఒక్క అక్షరం రాసి ఎరగడు. మనుషుల సంగతి నాకు అర్థం కాదు. చట్రం బిగించేటప్పుడు నా మూల విరిగింది. పారేయబోయి, కూతురు గుర్తొచ్చి ఇంటికి తెచ్చాడు.

వెంగమాంబ నా మీదే అఆలు దిద్దింది. నోటుపుస్తకాలు వచ్చాక నన్ను మేకుకు తగిలించింది. ఆమె తొమ్మిదో తరగతిలో ఉండగా బడిలో తల్లిదండ్రుల మీటింగు జరిగింది. రిజిస్టర్లో వేలిముద్ర వేసిన కాశయ్య, ఇల్లు చేరేదాకా ఆ బొటనవేలిని పిడికిట్లో దాచుకున్నాడట. వెంగమాంబ అది చూసింది. అసలే మాటలు తక్కువ పిల్ల. ఆ సాయంత్రం నన్ను దించి, తుడిచి, తండ్రి వేళ్ళ మధ్య బలపం పెట్టింది. పది రోజులకు మూడు అక్షరాలు వచ్చాయి. కాశయ్య. తన పేరు చూసుకుని ఆయన చిన్నపిల్లాడిలా నవ్వాడు. మిగతా అక్షరాలు తర్వాత నేర్చుకుందామనుకున్నారు.

ఆ రోజు వచ్చిన మేనేజరు మంచం మీద కూర్చుని కాగితం తీశాడు. "ఫ్యాక్టరీలో మోటారు ఎవరో ఎత్తకపోయినారు గదా కాశయ్యా. మాకేం తెలీదని పనోళ్ళందరి దగ్గరా రాయించుకుంటన్నాం. వేలిముద్రేగా నీది?" అంటూ ఇంకుప్యాడు తెరిచాడు.

"ముద్ర ఎందుకు సార్? సంతకం పెడతా."

"అబ్బో! ఎప్పటి నించి?"

"మా మనవరాలు నేర్పిందిలే" అని పోలమ్మ మురిసిపోయింది.

మేనేజరు ప్యాడు మూసేశాడు. "అయితే నువ్వే చదువుకొని పెట్టు. ముద్రేసేవాళ్ళకైతే నేను చదివి చెప్పాల."

వెంగమాంబ చెయ్యి చాపింది. "నాయనా, నేను చూస్తా."

"నేను చదవలేనా ఏంది?" అన్నాడు కాశయ్య. చదివేవాళ్ళలాగే కాగితం మీద పైనుంచి కిందికి కళ్ళు నడిపించాడు. పరాయి మనిషి ముందు తండ్రి చిన్నబోవడం ఇష్టం లేక ఆ పిల్ల చాపిన చెయ్యి వెనక్కి తీసుకుంది. కాశయ్య సంతకం పెట్టాడు.

మోటారు తానే విప్పి అమ్మేశానని అందులో ఉన్నట్టు పోలీసులు వచ్చాకే తెలిసింది.

"చదివే సంతకం పెట్టావా?" అని కోర్టులో అడిగారట. అంతమందిలో, కూతురు చూస్తుండగా, "చదివే పెట్టినా సార్" అన్నాడట. రెండేళ్ళు శిక్ష పడింది. "ముద్దరేసుంటే నా బిడ్డ ఇంట్లో ఉండేవాడు" అని పోలమ్మ ఏడ్చేది. మనవరాలిని ఒక్క మాటా అనలేదు. అనకపోయినా ఆ పిల్ల అన్నం ముందు నుంచి లేచిపోయేది.

జైల్లో సాయంత్రాలు చదువు చెబుతారని విని, వెంగమాంబ నన్ను సంచిలో పెట్టుకుని వెళ్ళింది. గేటు దగ్గర జవాను నన్ను అటూ ఇటూ తిప్పి చూశాడు.

"ఏంది పాపా, మీ నాయన్ని ఒకటో తరగతిలో ఏస్తన్నావా?" అని నవ్వాడు. "సరే, తీస్కపో. లోపల సగం మంది వేలిముద్రలోళ్ళే."

బళ్ళకు వెళ్ళిన నా తోటి పలకలు వీళ్ళ దగ్గరకు మాత్రం చేరలేదు కాబోలు.

వచ్చేటప్పుడు బస్సులోనే ఆమె నా మీద రెండు వరుసలు రాసి ఉంచింది. నోటితో చెప్పలేని మాటలవి. "నాయనా, సగం చదువు నేర్పి నిన్ను ఇక్కడికి పంపింది నేనే. నన్ను క్షమించు."

ఖైదీలను కలిసే ములాఖత్ గది గుమ్మానికి అవతల నిలబడి కాశయ్య నన్ను అందుకున్నాడు. అలవాటుగా పైనుంచి కిందికి కళ్ళు నడిపించాడు. చుట్టూ నలుగురూ చూస్తున్నారు. ఆయన కళ్ళు మధ్యలో ఆగిపోయాయి. నన్ను కూతురి వైపు తిప్పి పట్టుకున్నాడు.

"నాకు చదవను రాదమ్మా. ఏం రాసినావో నువ్వే చదివి చెప్పు."

వెంగమాంబ మొదటి మాట మీద వేలు పెట్టింది. "నాయనా..." అంది.

"టైమైపోయింది" అంటూ జవాను ఆమె మొహం మీద తలుపు మూసేశాడు.