రేగొండ డేరాలో గుర్రం ఫైటు

అరవై దాటాక పలక పట్టినదాన్ని. రాత నెమ్మది, తప్పులు దొర్లుతాయి. సర్దుకొని చదవండి.

సకల జనుల సమ్మెతో భూపాలపల్లి బొగ్గుబాయి ఆగింది. అక్కడి ఆఫీసులో పనిచేసే సుమలత లాప్‌టాప్ చంకన పెట్టుకొని రేగొండలో నాయిన ఓదెలు దగ్గరికి వచ్చింది. ఓదెలు ఒకప్పుడు ఆ ఊరి డేరా టాకీసులో సినిమా మిషను నడిపినవాడు. ఆయన పద్దెనిమిది రోజులు ఆడించిన కత్తియుద్ధాల సినిమా ఎక్కడా దొరకదనుకున్నారు. పాత సినిమాలు దాచిపెట్టే ఇంటర్నెట్ భాండాగారంలో సుమలత దాన్ని పట్టుకుంది. ఉన్నది ఆ ఒక్క కాపీయే.

వాడకట్టంతా చూడ్డానికి చేరింది. ఆఖరి ఫైటులో హీరో నడిచొచ్చాడు, కత్తి దూశాడు, గెలిచాడు. అంతే.

"గిదేంది బిడ్డా! గుర్రం మీదికెళ్లి దుంకి కొట్టేది ఏది?" అన్నాడు అప్పట్లో ఆ డేరాలో సినిమా చూసిన లింగ్యా. "నేను నాలుగు మాట్ల చూసింది గందుకే."

"కోసేసిండ్రు. మనదేది చూసినా కోసుడే," అంది పక్కింటి సత్తమ్మ.

సుమలత టైపు చేయసాగింది. "ఇది తప్పు కాపీ అని రాస్తున్న. ఆ సైటోళ్లు చూసి తీసేస్తరు."

ముప్పై ఏళ్లుగా ఆ గుర్రం ఫైటు పేరు మీదే ఊరు ఓదెలుకు కుర్చీ వేస్తోంది. నోరు విప్పితే ఆ మర్యాద పోతుంది. విప్పకపోతే సినిమాయే పోతుంది.

"ఆగు బిడ్డా. బొమ్మ మంచిగనే ఉన్నది. తప్పు నాది."

అందరూ ఆయన వైపు తిరిగారు.

"రెండో దినమే మిషన్ల పడి ఫైటు రీలు నలిగిపోయింది. పెట్టెల వేరే సినిమా ముక్క ఉండె. అతికించిన. ఇద్దరికీ ఒక్కతీరు మీసాలు, ఎవ్వరు గుర్తుపట్టలే."

లింగ్యా నోరు తెరిచాడు. "అంటే గుర్రం ఎక్కినోడొకడు, దిగినోడొకడా?"

"అవునే."

"నాలుగు మాట్ల చూసిన గదనే ఓదెలన్నా! ఈలలు గూడ ఏసిన!" లింగ్యా నవ్వలేక అరుగు మీద కూలబడ్డాడు. సత్తమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకొని నవ్వుతూ అంది: "అసలుదానికంటే నీదే మంచిగుండె పో!"

సుమలత రాసిందంతా చెరిపి మళ్లీ రాసి, పైకి చదివింది: "సినిమా పూర్తిగా ఉంది. రేగొండలో మాత్రం గుర్రంతో ఆడింది." తర్వాత అడిగింది: "ఆ గుర్రం సినిమా పేరేంది నాయినా? అదిగూడ నెట్ల దేవులాడుదాం."

"పేరు లేని ముక్క బిడ్డా," అంటూ ఓదెలు కుర్చీని లాప్‌టాప్ దగ్గరికి జరుపుకున్నాడు. "గుర్రానికి నొసట తెల్లమచ్చ ఉంటది. అండ్ల ఉన్న సినిమాలన్ని జర మెల్లగ తిప్పు, నేను చూస్త."

— గాదె సరోజన, అరవై ఎనిమిదేళ్లు, ఇప్పుడుండేది స్టేషన్ ఘన్‌పూర్