పెరట్లో చీపురు చప్పుడు

ఇండోనేషియాలోని జోగ్జా నగరంలో ఒక పాత ఇంట్లో వెనింగ్ తన మొదటి లఘుచిత్రం తీస్తోంది. వాళ్ల అమ్మమ్మ కాలంలో పత్రికలో వచ్చి, పేటలో ఇప్పటికీ అందరూ చెప్పుకునే కథ అది. భర్త పోయి ఒంటరిగా ఉంటున్న ఒకావిడకు రోజూ మిట్టమధ్యాహ్నం పెరట్లో ఎవరో ఊడుస్తున్న చప్పుడు వినిపిస్తుంది. వెళ్లి చూస్తే ఎవరూ ఉండరు. చివరికి ఆవిడ తలుపులు బిగించుకుని బయటికి రావడమే మానేస్తుంది.

ఆ పాత్రకు సుమిరాను తీసుకుంది. అరవై దాటిన మనిషి, ముప్పై ఏళ్లు ఊరూరా తిరిగి నాటకాలాడింది.

పొద్దున్నుంచి ఒకే దృశ్యం తొమ్మిదిసార్లు తీశారు. సుమిరా ఉలిక్కిపడింది, గుండె మీద చెయ్యి వేసుకుంది, గోడకు నక్కింది. ఏదీ అతకలేదు. శబ్దం చూసుకునే తర్నో పెరట్లోకి వెళ్లి కొబ్బరి ఈనెల చీపురుతో నిజంగానే ఊడ్చాడు. అప్పుడూ కుదరలేదు.

“పెరడు మాత్రం అద్దంలా తయారైంది,” అన్నాడు చెమట తుడుచుకుంటూ.

సుమిరా చాప మీద చతికిలబడింది. “అమ్మాయీ, ఆవిడకి భయమేసిందని నీకెవరు చెప్పారు?”

“కథలో ఉంది కదా, ఇబూ,” అంది వెనింగ్. అక్కడ పెద్దావిడను అమ్మా అని పిలవాలంటే ఇబూ అంటారు.

“తలుపేసుకుందని ఉంది. భయపడిందని ఎక్కడుందో చూపించు.”

వెనింగ్ కాగితాలు తిరగేసింది. నిజమే, ఆ మాట ఎక్కడా లేదు. ఇన్నేళ్లూ తనే కలుపుకుని చదువుకుంది.

“మా ఆయన పోయాక నెల్లాళ్లు వంటింట్లో ఆయన దగ్గు వినబడేది,” అంది సుమిరా. “భయమేం లేదు. సరిగ్గా వినబడి చావట్లేదే అని మాత్రం ఉండేది. పొయ్యి ఆర్పేసి చెవి పెట్టేదాన్ని.”

“మరి అన్నం?” అన్నాడు తర్నో.

“నవ్వకు. చాలా రోజులు పస్తున్నాను.”

వెనింగ్ కాగితాలు పక్కన పెట్టేసింది. “అలాగే చెయ్యండి, ఇబూ. నేనింకేం చెప్పను.”

పదోసారి సుమిరా మూకుడు కింద మంట ఆర్పింది. తల పక్కకు వంచి విన్నది. రేడియో కట్టేసింది. గోడ గడియారం దించి దుప్పట్లో చుట్టింది. పంజరంలో గువ్వ కూస్తే దాని మీద గుడ్డ కప్పింది. కిటికీ వేసింది, తలుపు వేసింది. ఆపడానికి ఇంకేమీ మిగలక తన ఊపిరే బిగబట్టింది. ఆ ముఖంలో చంటిపిల్లకుండే ఆసక్తి తప్ప ఏమీ లేదు. వెనింగ్ కెమెరా వెనకే నిలబడిపోయింది. కట్ చెప్పడం కూడా మరిచిపోయింది.

సినిమాలో చీపురు చప్పుడు అసలు పెట్టొద్దని వెనింగ్ అంటే తర్నో ఆమెతో రెండు రోజులు మాట్లాడలేదు.

ఒక ఆదివారం సాయంత్రం పేట హాల్లో చూపించారు. వేరుశెనగకాయలు ఒలుస్తున్న చేతులు మధ్యలోనే ఆగిపోయాయి. అయ్యాక చాపలు చుడుతూ ఇద్దరు ఆడవాళ్లు వాదించుకుంటున్నారు.

“చీపురు చప్పుడు ఎడమ పక్కనుంచి వచ్చింది. నేను విన్నాగా.”

“నీ మొహం. నుయ్యి వైపు నుంచి వచ్చింది.”

వెనింగ్ పక్కనే నిలబడి, ఎవరి వైపూ మాట్లాడకుండా, ఇద్దరి మాటా చివరిదాకా విన్నది.