భుజం మీది దుమ్ము

గోపాల్‌పేట నుంచి వనపర్తి కాలేజీకి స్కూటర్ మీద వచ్చేసరికి రాఘవేందర్ సార్ అంగీ నిండా ఎర్రదుమ్మే. క్లాసులో రెండు వేళ్లతో భుజం దులుపుకోవడం ఆయనకు ఏండ్లనాటి అలవాటు. ఎవరూ పట్టించుకోలేదు.

రెండువేల ఎనిమిది చలికాలంలో ఒకరోజు, హెప్సిబా అనే విద్యార్థినికి పరీక్ష పేపరు చేతికిచ్చి, భుజం దులుపుకున్నాడు. వెనక బెంచీల్లో కిసుక్కున నవ్వారు. ఎందుకులే అని ఆయన బోర్డు వైపు తిరిగాడు. మర్నాటి నుంచి ఆ పిల్ల కాలేజీకి రాలేదు.

కంప్యూటర్ మేడమ్ గీత ఆయన్ను నెట్ సెంటర్‌కు తీసుకుపోయి చూపించింది. కూలికి పోయే కులాలనూ, చర్చికి పోయేవాళ్లనూ తిట్టడానికి ఎవరో నెట్‌లో ఒక పేజీ పెట్టారు. అందులో కుర్రాళ్లంతా భుజం దులుపుకుంటూ ఫొటోలు దిగారు. ఆ మనుషుల గాలి సోకితే ఇట్లా దులిపెయ్యాలట. వాళ్ల మధ్యలో, కాలేజీ వార్షికోత్సవం నాడు భుజం దులుపుకుంటున్న రాఘవేందర్ ఫొటో. కింద ‘మా సారు కూడా మనోడే’ అని రాసి ఉంది.

"దుమ్ము దులుపుకున్నా తప్పేనా మేడమ్? రేపు దగ్గితే ఏమంటరో," అన్నాడు.

ఫొటో తీసెయ్యమని ఆ సైటువాళ్లకు రాస్తే జవాబు లేదు. ప్రిన్సిపాల్ పిల్లల ఆటలని కొట్టిపారేశాడు. ఆ అలవాటే మానెయ్యరాదా అంది భార్య మానస. మానుదామంటే చెయ్యి దానంతటదే లేచేది. తన చెయ్యి, తన భుజం, నడుమ ఈ ముఖం తెలియని పోరగాళ్లెవరని రోజంతా చిరాకుపడ్డాడు.

చివరికి హెప్సిబా ఇంటికే పోయాడు. తండ్రి దేవదాసు మంచం వాల్చి, టీ పెట్టించాడు. రాఘవేందర్ స్కూటర్ సంగతి, దుమ్ము సంగతి, ఫొటో సంగతి అంతా చెప్పుకొచ్చాడు.

హెప్సిబా చివరిదాకా విన్నది. "అది దుమ్మేనని నాకెర్కే సార్. వాళ్లు నవ్వినప్పుడు మీరు బోర్డు దిక్కు మళ్లిండ్రు. అదెందుకో తెల్వలె," అన్నది.



సోమవారం క్లాసులో ఆ పేజీలోని మాటలు తన నోటితోనే చదివి, నవ్వినవాళ్లను లేచి నిలబడమన్నాడు. ఎవరూ లేవలేదు. లేచేదాకా పాఠం లేదని కుర్చీలో కూచున్నాడు. మర్నాడూ అంతే. పాఠాలు ఆగాయని తల్లిదండ్రులు వచ్చి మీద పడితే గానీ, ఇది ఆట కాదని ప్రిన్సిపాల్‌కు తట్టలేదు. ఆయన కూడా క్లాసుకు వచ్చి అడిగేసరికి ఇద్దరు కుర్రాళ్లు లేచి, ఫొటో పంపింది తామేనని ఒప్పుకున్నారు. పేజీ ఎవరిదో మాత్రం తెలియదన్నారు.

హెప్సిబా తిరిగి వచ్చింది. ఫొటో మాత్రం పోలేదు. రాఘవేందర్ వారం వారం గీత పక్కన కూచుని, తీసెయ్యమని మళ్లీ మళ్లీ రాయిస్తూనే ఉన్నాడు, రాయించిన ప్రతిసారీ తిట్టుకుంటూ.