కుర్చీ మీద తువ్వాలు

మొగుడు మాయమై వారం దాటినా ఆయన ఆఫీసులో పని రవ్వంత కూడా ఆగలేదని తెలిసి విజయమ్మ గుండె గుభేలుమంది.

తెనాలి మారీసుపేటలో గోనెసంచుల సహకార సంఘం ఆఫీసు అది. ధాన్యం సంచుల మీద సంఘం ముద్ర సరిగా పడిందో లేదో ఒకాయన చూస్తాడు. ఆ చూసినాయన సరిగా చూశాడో లేదో ఇస్సాకు చూస్తాడు. ఇరవయ్యేళ్లుగా అదే ఆయన ఉద్యోగం. బాపట్లలో క్యాంపు ఉందని బ్యాగు సర్దుకుని వెళ్లిన మనిషి ఫోను కూడా ఆపేసేసరికి, చుండూరు బడిలో టీచరైన విజయమ్మ సెలవు పెట్టి నేరుగా ఇక్కడికే వచ్చింది.

"క్యాంపా? సంచులకి క్యాంపులేంటి వదినా?" అంది పక్క సీటు సుశీల. "అన్నయ్యగారు టీకి వెళ్లారు. అదిగో, తువ్వాలు ఉందిగా!"

కుర్చీ వీపు మీద ఆకుపచ్చ అంచు తువ్వాలు వేలాడుతోంది. బస్సు కిటికీలోంచి జేబురుమాలు విసిరి సీటు పట్టుకునే ఊళ్లివి. కుర్చీ మీద గుడ్డ ఉందంటే మనిషి ఉన్నట్టే. కాదనడం మర్యాద కాదు.

"టీకి ఎప్పుడు వెళ్లారు?"

సుశీల కళ్లు పైకెత్తి ఆలోచించింది. "పోయిన వారమేనండి."

"వారం నుంచీ టీ తాగుతున్నారా?"

"ఆయన నిదానంగానే తాగుతారండి" అంది సుశీల, ఆ నిదానం మీద గౌరవంతో.

విజయమ్మ తువ్వాలు చేతిలోకి తీసుకుంది. ఇస్సాకు జన్మలో తువ్వాలు వాడలేదు. జేబురుమాలు మనిషి ఆయన.

ఈ మాటలు లోపల్నుంచి విన్న సెక్రటరీ కృష్ణకాంత్ బయటికొచ్చాడు. ముఖం వెలిగిపోతోంది.

"అంటే ఇస్సాకు లేకుండానే వారం పని జరిగిందన్నమాట!"

"మనిషి కనబడటం లేదండీ, సెక్రటరీ గారూ."

"మనిషిదేముందమ్మా, వెతికితే దొరుకుతాడు. ఆ పోస్టు అక్కర్లేదని తేలింది చూడు, అదీ సంగతి! సోమవారం డైరెక్టర్ల మీటింగుంది. పోస్టు తీసేయమని చేతులెత్తిస్తాను."

"ఆలోగా ఆయన వచ్చి కూర్చుంటే?"

కృష్ణకాంత్ ఆలోచించాడు. "కూర్చుంటే ఏముంది? టీకి వెళ్లాడు, వచ్చాడు. దానికి మీటింగెందుకు?"

అది శుక్రవారం. విజయమ్మ తువ్వాలు సంచిలో కుక్కుకుని, ఖాళీ కుర్చీ మీద తన గొడుగు పెట్టింది. ఆమె మెట్లు దిగుతుండగా వెనక ఎవరో అంటున్నారు: "ఇస్సాకు గారు గొడుగు తెచ్చుకున్నారే! వానొస్తుందేమో."

పోలీస్ స్టేషన్లో ఎస్సై రిజ్వాన్ ఆమె చెప్పిందంతా విన్నాడు. కుర్రవాడు, చురుకైనవాడు. తువ్వాలు బల్ల మీద పడగానే మాత్రం అతని చూపు గది మూలకి పరుగెత్తింది. అక్కడ హెడ్ కానిస్టేబుల్ కుర్చీ మీద అచ్చం అలాంటిదే, ఆకుపచ్చ అంచుతో వేలాడుతోంది.

"అఫ్జల్ ఎక్కడయ్యా?" అని అరిచాడు.

"టీకి వెళ్లారు సార్" అన్నాడు గుమ్మం దగ్గర కానిస్టేబులు.

"ఎప్పుడు?"

కానిస్టేబులు గోడ మీది క్యాలెండరు వైపు చూశాడు.

"మొన్న సైకిళ్ల దొంగని పట్టుకున్నప్పుడు అఫ్జల్ లేడా?"

"లేకపోబట్టే దొరికాడేమో సార్."

విజయమ్మ ఈలోగా తువ్వాలు విదిలించింది. తెల్లటి పొడి రాలింది. ఆమె వేలికి రాసుకుని చూసింది.

"సుద్దముక్క పొడి బాబూ. దీంతో ఎవరో బోర్డు తుడిచారు."

బల్ల మీద పరిచి చూస్తే గుడ్డ మీద ఒక గీత అచ్చుపడి ఉంది. కింద నుంచి హుషారుగా పైకి లేచి, కొంతదూరం వెళ్లి, అలిసిపోయినట్టు అడ్డంగా పడుకుంది. రిజ్వాన్ గబుక్కున లేచి నిలబడ్డాడు, క్లాసులోకి ఎవరో వచ్చినట్టు.

"ఎజ్రా మాస్టారు!"

"ఎవరాయన?"

"బాపట్లలో డిగ్రీలో నాకు ఎకనామిక్స్ చెప్పారక్కా. మూడేళ్లూ ఈ గీతే. ఇదేంటంటే అభివృద్ధి సిద్ధాంతం. ఐదుగురు చాలిన పొలంలో ఎనిమిది మంది దిగి చేస్తుంటారు, గీత అడ్డంగా పడుకున్నది అక్కడే. ముగ్గుర్ని తీసేసినా గింజ తగ్గదు. ప్రచ్ఛన్న నిరుద్యోగం అంటారు. అలా మిగిలినవాళ్లని ఫ్యాక్టరీకి పంపితే దేశం పైకొస్తుంది."

"మా ఆయన పొలంలో లేడుగా?"

"మా అఫ్జలూ లేడు. మాస్టారు పుస్తకం దాటి బయటికొచ్చేశారక్కా. పదండి!"

జీపు బాపట్ల కాలేజీ ముందు ఆగేసరికి మధ్యాహ్నమైంది. ఎకనామిక్స్ గదిలో ఎజ్రా మాస్టారి కుర్చీ ఉంది. దాని మీద తువ్వాలూ ఉంది. ఎండ తగిలి తగిలి ఆకుపచ్చ అంచు బూడిదరంగుకి తిరిగింది.

"మాస్టారు టీకి వెళ్లారు బాబూ" అంది ఊడుస్తున్న సుబ్బాయమ్మ. "పోయినేడు దసరా ముందు."

"ఎవరూ అడగలేదా?"

"ఎందుకడుగుతారు? తువ్వాలు నేనే దులిపి మళ్లీ వేస్తున్నాగా!" ఆమెకి కోపం వచ్చింది. "పెనుమూడిలో వాళ్ల మేనత్త రైసుమిల్లు మూతపడి ఉంది. ఆదివారం ఆరాధన అవగానే అక్కడికి పోయి కూర్చునేవారు. టీ అక్కడే తాగుతున్నారేమో చూడండి."

రేపల్లె దాటి కృష్ణ ఒడ్డుకి చేరేసరికి పొద్దు వాలుతోంది. మూతపడ్డ మిల్లులోంచి కుట్టుమిషన్ల చప్పుడు వినబడుతోంది. రిజ్వాన్ నడుముకున్న పిస్తోలు మీద చెయ్యి పెట్టుకుని తలుపు తోశాడు.

మిల్లు నిండా జనం. ఒకరు గుడ్డ కత్తిరిస్తున్నారు, ఒకరు మడత పెడుతున్నారు, వరసలు వరసలుగా మిషన్లు తొక్కుతున్నారు. మిషన్ల కింద నుంచి ఆకుపచ్చ అంచు తువ్వాళ్లు వాగులా పారుతున్నాయి. ఎదురుగోడకి నల్లబోర్డు, దాని మీద ఆ గీత.

అఫ్జల్ కూర్చునే సెల్యూట్ కొట్టాడు. "సారీ సార్, లేవలేను. లేస్తే దారం తెగుద్ది."

చివరి మిషన్ దగ్గర ఇస్సాకు ఉన్నాడు. నుదుటి మీదకి కళ్లజోడు తోసుకుని, తువ్వాలు వెలుతురుకి పట్టి చూస్తున్నాడు.

"ఏవండీ!"

"విజయా, వచ్చావా! చూడు, అంచు మడత నేను చూడందే ఒక్క తువ్వాలూ గుమ్మం దాటదు. నిన్న కడుపునొప్పని కాసేపు నడుం వాల్చానా, లైను మొత్తం ఆగిపోయింది. మొత్తం!" ఆ మాట అంటుంటే ఆయన కళ్లలో నీళ్లు తిరిగాయి. "నా కోసం ఆగిపోయిందే!"

దారంతా తిట్లు కూడబెట్టుకుంటూ వచ్చిన విజయమ్మకి ఒక్కటీ నోటికి రాలేదు. ఇరవయ్యేళ్లలో మొగుడి ముఖం అలా ఉండగా చూడలేదు.

"గ్యాసుబండ అయిపోయింది" అంది చివరికి. "కొత్తది వచ్చింది గానీ దాని మూత నాకు ఊడిరాదని మీకు తెలుసు. మూడు పూటలు అటుకులు తిన్నాను. అది ఆగడం కాదా?"

ఇస్సాకు చేతిలో తువ్వాలు జారిపోయింది.

"సోమవారం మీ పోస్టు తీసేస్తున్నారు. ఇరవయ్యేళ్ల సర్వీసు గంగలో కలుస్తుంది. లేవండి!"

అప్పుడు బోర్డు పక్కనున్న గదిలోంచి సన్నగా, పొడుగ్గా ఒకాయన వచ్చాడు. వేళ్ల నిండా సుద్ద. రిజ్వాన్ చెయ్యి నడుము దగ్గర్నుంచి దానంతటదే జారిపోయి నమస్కారమైంది.

"మాస్టారూ, ఇదంతా మీరేనా? ఎందుకు చేశారు?"

ఎజ్రా మాస్టారు మిషన్లు ఆపమని చెయ్యెత్తాడు. క్లాసులో లాగే గొంతు సవరించుకున్నాడు.

"నేనే చేశాను నాయనా. ముప్పయ్యేళ్లు బోర్డు మీద ఆ గీత గీశాను. ఒకరోజు వెనక బెంచీ పిల్ల లేచి, 'మన కాలేజీలో అలాంటివాళ్లు ఎవరండీ?' అంది. తెలియాలంటే ఎవర్నో ఒకర్ని తీసి చూడాలి. పరాయివాళ్లెందుకని నన్నే తీసేశాను. కుర్చీ మీద తువ్వాలు వేసి వచ్చేశాను. ఎవరూ రాలేదు. పరీక్షలయ్యాక తెలిసింది, నా సబ్జెక్టులో పాసైనవాళ్లు పెరిగారట. ఆ రోజు ఈ మిల్లు అరుగు మీదే కూర్చుని ఏడ్చాను. ఏడుస్తూనే సంతోషించాను కూడా, సిద్ధాంతం నిజమైనందుకు.

"ఆ తర్వాత ఆఫీసులన్నీ తిరిగాను. ఎవర్నీ ఎత్తుకురాలేదు. 'నువ్వు లేకపోతే ఇక్కడ ఏం ఆగుతుంది?' అని అడిగాను, అంతే. ఠక్కున జవాబు చెప్పినవాళ్లకి దణ్ణం పెట్టి వచ్చేశాను. ఆలోచనలో పడ్డవాళ్లు నా వెనకే నడిచొచ్చారు. మీ అఫ్జల్ ఇప్పటికీ ఆలోచిస్తున్నాడు. ఒక తువ్వాలు ఒక మనిషిని విడిపిస్తుంది. ఆ మనిషి వచ్చి ఇక్కడ తువ్వాళ్లు కుడతాడు. అవి మరికొందర్ని విడిపిస్తాయి. ఇక దీనికి ఆగడమనేది లేదు. అభివృద్ధి అంటే ఇదేరా!

"అమ్మా, సోమవారం మీటింగు గురించి నువ్వు దిగులు పెట్టుకోకు. మీ సంఘం డైరెక్టర్లని నిన్ననే తీసుకొచ్చాను. అదిగో, కిటికీ పక్క వరసలో తెల్లచొక్కాలు. హాల్లో వాళ్ల కుర్చీలన్నిటి మీదా తువ్వాళ్లున్నాయి. మీ సెక్రటరీ వాటికి నమస్కారం పెట్టి టీలు తెప్పిస్తాడు. పోస్టు తీసేయడానికి చెయ్యెత్తేవాడు అక్కడ ఒక్కడూ ఉండడు.

"తప్పు మాత్రం ఒకటి చేశాను. నా గీతలో పొలం ఉంది, ఆఫీసు ఉంది, మిల్లు ఉంది. ఇల్లు లేదు. గ్యాసుబండ లేదు. తీసేసిన మనిషి కోసం ఎవరైనా ఊళ్లు తిరుగుతారని అందులో ఎక్కడా లేదు. మీ ఆయన్ని తీసుకెళ్లమ్మా. అంచు మడత ఇంకొకరికి నేర్పేసి వస్తాడు.

"ఒరేయ్ రిజ్వాన్, మొహమాటపడకు, సంకెళ్లు వెయ్యి. నన్ను వెతుక్కుంటూ వచ్చిన మొదటి మనిషివి నువ్వే. పద. మీ జీపు ముందు సీట్లో నా కోసం ఇందాకే తువ్వాలు వేయించాను."